కూపశుల్కం

కూపశుల్కం అనేది మధ్యయుగ ఆంధ్రదేశపు ఓడరేవులలో విదేశీ వర్తకుల నుండి రాజు వసూలు చేసిన నౌకా సుంకానికి పేరు. కాకతీయ చక్రవర్తి గణపతిదేవుడు (పరిపాలన 1199-1262) మోటుపల్లి రేవులో వేయించిన అభయ శాసనం వలన ఈ పదం తెలుగువారి చరిత్రలో ప్రసిద్ధి పొందింది. ఈ శాసనం కాలం శాలివాహన శకం 1166, క్రోధి నామ సంవత్సరం, అనగా క్రీ.శ. 1244-45. తుఫానులో చిక్కి ఒడ్డుకు కొట్టుకువచ్చిన ఓడలలోని సరుకును ఇకమీదట రాజు లాగుకొనడనీ, నిర్ణయించిన సుంకం మాత్రమే తీసుకొని మిగిలినదంతా వర్తకునికే విడిచిపెడతాడనీ ఈ శాసనం ప్రకటించింది. ఆ "నిర్ణయించిన సుంకమే" కూపశుల్కం. దీని రేటు ఎగుమతులపైనా దిగుమతులపైనా ముప్పదింట ఒక వంతు.

పదం యొక్క అర్థం

ఈ పదంలో రెండు భాగాలున్నాయి: కూప, శుల్కం.

"శుల్కం" అంటే రాజుకు చెల్లించవలసిన పన్ను, ముఖ్యంగా సరుకుల మీద పన్ను. దీనికి వికృతి "సుంకం". సుంకం వసూలు చేసేవాడు "సుంకరి". ఈ ఉద్యోగం నుండే "సుంకర" అనే ఇంటిపేరు వచ్చిందని చెబుతారు. సుంకరి కఠినత్వం మన భాషలో సామెతగా నిలిచిపోయింది. ఎవరికి చెప్పుకున్నా ఫలితం లేనప్పుడు "సుంకరి దగ్గర సుఖదుఃఖాలు చెప్పుకున్నట్లు" అంటారు.

"కూప" అనగానే చాలామందికి బావి గుర్తుకు వస్తుంది. కూపస్థ మండూకం అంటే నూతిలోని కప్ప కదా. అందువల్ల కూపశుల్కాన్ని నూతులపై పన్ను అని విద్యార్థులు పొరబడటం కద్దు. కాని సంస్కృతంలో కూపం, కూపకం అనే మాటలకు ఓడస్తంభం, అనగా తెరచాపను కట్టే కొయ్య, అనే అర్థం కూడా ఉన్నది. అమరకోశంలోని వారివర్గం ఓడస్తంభానికి కూపకం, గుణవృక్షకం అనే రెండు పేర్లను ఇస్తుంది. గుణం అంటే తాడు; తాళ్ళు కట్టే చెట్టు కనుక గుణవృక్షకం. తమిళంలో ఓడస్తంభానికి "కూంబు" అనే పాత మాట ఉన్నది. ధ్వనిలోనూ అర్థంలోనూ ఇది కూపానికి దగ్గరగా ఉండటం గమనించదగిన విషయం. సముద్రపు పనికి సంబంధించిన మాటలు రేవు నుండి రేవుకు, భాష నుండి భాషకు ఓడలతో పాటే ప్రయాణం చేస్తాయి.

ఈ అర్థాన్ని బట్టి కూపశుల్కం అంటే "ఓడస్తంభపు సుంకం". ఇక్కడ స్తంభం ఓడకు గుర్తు మాత్రమే. "ఇంటికి ఎన్ని పొయ్యిలు" అని అడిగితే కుటుంబాల లెక్క ఎట్లాగో, స్తంభం అనేది ఓడ లెక్క అట్లాగే. శాసనంలోని రేట్లు సరుకును బట్టి ఉన్నాయే గాని ఓడకు ఉన్న స్తంభాలను బట్టి లేవు. కనుక ఒక్కొక్క స్తంభానికి ఇంత అని వసూలు చేసే పన్నుగా దీనిని భావించరాదు. ఓడ మీద వచ్చిన సరుకుకు చెల్లించే సుంకం అని గ్రహించాలి.

రెండవ వ్యాఖ్య

ఈ శాసనాన్ని జర్మన్ పండితుడు ఇ. హుల్ట్ష్ ఎపిగ్రాఫియా ఇండికా 12వ సంపుటంలో ఆంగ్లానువాదంతో ప్రకటించాడు. ఆ అనువాదంలో ఈ మాటకు "స్థిరమైన సుంకం" అనే అర్థం కనిపిస్తుంది. ఈ అర్థం "కౢప్తశుల్కం" అనే సంస్కృత రూపానికి సరిపోతుంది. నేటి తెలుగులో క్లుప్తం అంటే సంక్షిప్తం అనే అర్థంలో వాడుతున్నాము. సంస్కృతంలో "కౢప్తం" అంటే ఏర్పరచినది, నిర్ణయించినది అని అర్థం. తెలుగులో వెలువడిన చరిత్ర గ్రంథాలలోనూ, పాఠ్యపుస్తకాలలోనూ మాత్రం "కూపశుల్కం" అనే రూపమే ఎక్కువగా వ్యాప్తిలో ఉన్నది.

రెండు వ్యాఖ్యలలో దేనిని గ్రహించినా శాసనం చెప్పే విషయం మారదు. ఒకటి పన్ను దేనిమీదనో చెబుతుంది. రెండవది పన్ను ఎటువంటిదో చెబుతుంది. రాజు ఇష్టం వచ్చినంత తీసుకొనడానికి వీలులేని, ముందుగా ప్రకటించిన పన్ను ఇది అన్న విషయంలో భేదం లేదు.

మోటుపల్లి రేవు

మోటుపల్లి గ్రామం చినగంజాం మండలంలో సముద్ర తీరాన ఉన్నది. పూర్వం ఇది గుంటూరు జిల్లాలోని బాపట్ల తాలూకాకు చెందినది. 1970లో ప్రకాశం (అప్పట్లో ఒంగోలు) జిల్లా ఏర్పడినప్పుడు ఆ జిల్లాలో చేరింది. 2022లో ఏర్పడిన బాపట్ల జిల్లాలో ఇప్పుడు ఉన్నది. శాసనస్తంభం ఇక్కడి వీరభద్రస్వామి ఆలయంలో లభించింది. ఈ రేవుకు దేశ్యుయ్యకొండపట్టణం అనే మరొక పేరు కూడా శాసనాలలో కనిపిస్తుంది. "పట్టణం" అనే మాటకు నేడు ఊరు, నగరం అనే అర్థం స్థిరపడింది. పూర్వం తీరప్రాంతంలో ఓడరేవుకే ఈ మాట ఎక్కువగా వాడేవారు. మచిలీపట్నం, విశాఖపట్నం, కృష్ణపట్నం, నాగపట్నం అనే పేర్లు దీనికి సాక్ష్యం.

గణపతిదేవుడు పదమూడవ శతాబ్ది తొలి దశాబ్దాలలో వెలనాటి సీమను, దివిసీమను లోబరచుకొన్నాడు. అంతవరకు మెట్టప్రాంతపు రాజ్యంగా ఉన్న కాకతీయ రాజ్యానికి దీనితో సముద్రతీరం వశమయింది. రేవు చేతికి రావడం వేరు, రేవుకు ఓడలు రావడం వేరు. ఓడను, సరుకును, ప్రాణాన్ని పణంగా పెట్టి వచ్చే వర్తకుడు తనకు భద్రత ఉన్న రేవునే ఎంచుకుంటాడు. మోటుపల్లి శాసనం ఈ అవసరం నుండి పుట్టింది.

శాసనంలోని విషయం

శాసనంలోని ముఖ్యాంశాలు ఇవి:

* ఇది అన్ని ఖండాలకు, ద్వీపాలకు, దేశాలకు, పట్టణాలకు రాకపోకలు చేసే సముద్ర వర్తకులకు ఇచ్చిన అభయం.
* పూర్వపు రాజులు ఒక దేశం నుండి మరొక దేశానికి పోతూ తుఫాను దెబ్బకు పగిలి ఒడ్డుకు చేరిన ఓడలలోని బంగారం, ఏనుగులు, గుర్రాలు, రత్నాలు మొదలైన సమస్తాన్ని బలవంతంగా తీసుకొనేవారు.
* ధనం ప్రాణం కంటే కూడా విలువైనదని తలచి సముద్రయానానికి సాహసించిన వారిపై దయతోను, కీర్తి కోసం, ధర్మం కోసం గణపతిదేవుడు శుల్కం తప్ప మిగిలినదంతా వారికే విడిచిపెడుతున్నాడు.
* ఈ శుల్కం ఎగుమతి, దిగుమతి సరుకులపై ముప్పదింట ఒక వంతు.

దీని తరువాత కొన్ని సరుకులకు విడివిడిగా సుంకం నిర్ణయించబడినది. ఆ పట్టికలో చందనం, కర్పూరం, చీనా కర్పూరం, ముత్యాలు, పన్నీరు, ఏనుగు దంతం, జవ్వాది, కర్పూర తైలం, రాగి, సీసం, పట్టునూలు, పగడాలు, సుగంధ ద్రవ్యాలు, మిరియాలు, పట్టుబట్టలు, పోకలు ఉన్నాయి. చందనానికి తులం లెక్కన, పోకలకు లక్ష లెక్కన సుంకం విధించారు. నేటి పరిభాషలో చెప్పాలంటే విలువను బట్టి వేసే సుంకం, పరిమాణాన్ని బట్టి వేసే సుంకం అనే రెండు పద్ధతులూ ఈ శాసనంలో ఉన్నాయి.

ఈ పట్టిక ఆనాటి వ్యాపారానికి ఒక చిత్రపటం వంటిది. కర్పూరం తూర్పు ద్వీపాల వైపు నుండి, పట్టు చీనా నుండి, మిరియాలు మలబారు నుండి, పన్నీరు పడమటి దేశాల నుండి వచ్చే సరుకులుగా ఆనాటి సముద్ర వర్తకంలో పేరుపొందినవి. ఇవన్నీ ఒకే రేవులో సుంకానికి వచ్చాయంటే మోటుపల్లి రెండు దిక్కుల సముద్ర మార్గాలకూ కూడలి అని అర్థమవుతుంది.

రేటు ఎంత తక్కువ?

ముప్పదింట ఒక వంతు అంటే నూటికి సుమారు మూడు ముప్పాతిక కంటే తక్కువ, సరిగా చెప్పాలంటే 3.33 వంతులు. ఒక వర్తకుడు 300 మాడల విలువగల సరుకు దించాడనుకుందాం. మోటుపల్లి రేటు ప్రకారం అతడు చెల్లించవలసినది 10 మాడలు. మనుస్మృతి ఎనిమిదవ అధ్యాయంలో సరుకు విలువలో ఇరువదవ వంతు రాజుకు చెందుతుందని ఉన్నది. ఆ లెక్కన 15 మాడలు అవుతుంది. కౌటిల్యుని అర్థశాస్త్రం దిగుమతి సరుకులపై సాధారణంగా ఐదవ వంతు సుంకం చెబుతుంది. ఆ లెక్కన 60 మాడలు. ధర్మశాస్త్రాలలోని రేట్లు ఆదర్శాలు. అన్ని రాజ్యాలలోనూ అవే అమలయ్యాయని చెప్పడానికి లేదు. అయినా పోల్చి చూసినప్పుడు మోటుపల్లి రేటు వర్తకునికి అనుకూలమైనదని స్పష్టమవుతుంది.

అసలు లాభం రేటులో కంటే నిశ్చయంలో ఉన్నది. పగిలిన ఓడ మీద రాజు హక్కు ఉన్నంతకాలం వర్తకునికి నష్టం నూటికి నూరుపాళ్ళు. సముద్రం సగం తీసుకుంటే, ఒడ్డున రాజు మిగిలిన సగం తీసుకుంటాడు. శాసనం తరువాత అదే వర్తకుడు ఒడ్డుకు చేరిన 300 మాడల సరుకులో 290 మాడల సరుకును తిరిగి పొందగలడు. ఎంత పోతుందో బయలుదేరక ముందే తెలిసిన వర్తకుడు ధైర్యంగా ఓడ ఎక్కుతాడు.

పగిలిన ఓడ ఎవరిది?

ఈ ప్రశ్న మోటుపల్లికి మాత్రమే సంబంధించినది కాదు. సముద్రతీరం ఉన్న ప్రతి దేశంలోనూ ఇది తలెత్తింది.

అర్థశాస్త్రంలోని నావధ్యక్ష ప్రకరణం గాలివానకు దెబ్బతిని వచ్చిన ఓడను రేవు అధికారి తండ్రివలె ఆదుకోవాలని చెబుతుంది. నీటిలో తడిసి చెడిన సరుకుకు సుంకం పూర్తిగా తీసివేయాలి, లేదా సగమే తీసుకోవాలి అని కూడా అక్కడ ఉన్నది. కనుక గణపతిదేవుని అభయం శాస్త్రానికి కొత్త కాదు. శాస్త్రం చెప్పినది ఆచరణలో మరుగున పడగా, దానిని రాతి మీద చెక్కించి అందరికీ తెలియజేయటం గణపతిదేవుని విశిష్టత.

మలబారు తీరంలోని ఏలి రాజ్యంలో వేరొక రేవుకు పోవలసిన ఓడ దారితప్పి వస్తే దానిని పట్టుకొని దోచుకొనేవారని మార్కో పోలో వ్రాశాడు. 1442-43లో కాలికట్టుకు వచ్చిన పారశీక రాయబారి అబ్దుర్ రజాక్, ఇతర రేవులలో ఉన్న ఈ ఆచారం కాలికట్టులో లేదని మెచ్చుకున్నాడు. దానిని ప్రత్యేకంగా మెచ్చుకోవలసి వచ్చిందంటే ఆ దోపిడీ ఎంత సామాన్యమో ఊహించవచ్చు.

ఐరోపాలో కూడా పగిలిన ఓడ తీరప్రాంతపు ప్రభువుకే చెందేది. 1179లో జరిగిన మూడవ లాటరన్ సభ, ఓడ పగిలి కష్టంలో ఉన్నవారిని దోచుకొనే క్రైస్తవులను వెలివేయాలని నిర్ణయించింది. ఇంగ్లాండులో 1275 నాటి వెస్ట్‌మినిస్టర్ చట్టం, ఓడ నుండి మనిషి గాని, కుక్క గాని, పిల్లి గాని ప్రాణాలతో బయటపడితే దానిని "పగిలిన ఓడ"గా పరిగణించరాదని, సరుకును యజమాని కోసం భద్రపరచాలని చెప్పింది. గణపతిదేవుని శాసనం దీనికి ముప్పై ఏళ్ళ పూర్వానిది.

స్వతంత్ర భారతదేశంలో 1958 నాటి వాణిజ్య నౌకా చట్టం కూడా పగిలిన ఓడల సరుకును స్వాధీనపరచుకొని భద్రపరచే అధికారులను ఏర్పాటు చేసింది. యజమాని ఏడాది లోపల తన హక్కును నిరూపించి, రక్షణకు అయిన ఖర్చులు చెల్లిస్తే సరుకు అతనికి దక్కేది. రాజు తీసుకొనవలసినది సేవకు తగిన సొమ్మే గాని సొత్తు కాదు అనే సూత్రం రెండింటిలోనూ ఒకటే.

తరువాతి చరిత్ర

గణపతిదేవుని తరువాత రుద్రమదేవి కాలంలో మోటుపల్లి ప్రసిద్ధి దూరదేశాలకు వ్యాపించింది. వెనిస్ యాత్రికుడు మార్కో పోలో తన గ్రంథంలో "ముత్‌ఫిలి" అనే రాజ్యాన్ని వర్ణించాడు. రేవు పేరునే అతడు రాజ్యానికి పేరుగా వ్రాశాడు. దానిని ఒక రాణి న్యాయంగా పాలిస్తున్నదని, అక్కడ వజ్రాలు దొరుకుతాయని, సాలెగూడు వంటి సన్నని బట్టలు తయారవుతాయని పేర్కొన్నాడు.

కాకతీయ సామ్రాజ్యం 1323లో పతనమైన తరువాత రేవు వ్యాపారం దెబ్బతిన్నది. కొండవీటి రెడ్డిరాజు అనవోతారెడ్డి శకం 1280 (క్రీ.శ. 1358)లో మోటుపల్లిలో మరొక శాసనం వేయించి వర్తకులకు తిరిగి అభయమిచ్చాడు. ఆ శాసనంలో ఈ రేవును ముకుళపురం అన్నారు. వచ్చి స్థిరపడే వర్తకులకు ఆదరణ, వెళ్ళదలచిన వారికి వెళ్ళే స్వేచ్ఛ, సరుకును తమ ఇష్టానుసారం అమ్ముకొనే స్వేచ్ఛ ఇందులో ఉన్నాయి. సంతానం లేకుండా మరణించిన వర్తకుని ఆస్తిని రాజు తీసుకొనే "అపుత్రిక" పద్ధతిని కూడా దీనిలో రద్దు చేశారు. గణపతిదేవుడు సముద్రంలో వచ్చే ఆపద నుండి వర్తకుని ఆస్తిని కాపాడగా, అనవోతారెడ్డి మరణం వలన వచ్చే ఆపద నుండి అతని వారసులకు ఆస్తిని కాపాడాడు. 1390లో విజయనగరపు దేవరాయలు కూడా ఇక్కడ శాసనం వేయించాడు.

రెడ్డిరాజుల కాలపు సముద్ర వ్యాపారానికి శ్రీనాథుని హరవిలాసం మంచి సాక్ష్యం. ఆ కావ్యాన్ని అంకితం పొందిన అవచి తిప్పయసెట్టి, కుమారగిరిరెడ్డికి విదేశీ సుగంధ ద్రవ్యాలను సరఫరా చేసిన వర్తకుడు. సింహళం నుండి ఏనుగులు, హురుమంజి (హోర్ముజ్) నుండి గుర్రాలు, చీనా నుండి పట్టుబట్టలు తెప్పించిన సంగతి ఆ కావ్యంలో ఉన్నది. కప్పలి, జోంగు, వల్లి అనే ఓడల పేర్లు కూడా అందులో కనిపిస్తాయి. ఆ తరువాత మోటుపల్లి క్రమంగా వెనుకబడి, పదహారు, పదిహేడు శతాబ్దాలలో మచిలీపట్నం ప్రధానమైన రేవు అయింది.

మెట్ట కృష్ణా ప్రాంతంతో సంబంధం

జగ్గయ్యపేట, నందిగామ ప్రాంతాలకు సముద్రం లేదు. 2022 వరకు కృష్ణా జిల్లాలో ఉండి, ఆపైన ఎన్.టి.ఆర్. జిల్లాలో చేరిన ఈ మెట్టప్రాంతం తీరానికి దూరం. అయినా రేవులో వసూలయ్యే సుంకం చరిత్ర ఈ ప్రాంతాన్ని విడిచి పూర్తి కాదు. ఎందుకంటే ఓడలోకి ఎక్కే సరుకు లోపలి నుండే వస్తుంది, ఓడ నుండి దిగిన సరుకు లోపలికే పోతుంది.

ఇక్కడి వ్యాపార సంబంధాలు చాలా ప్రాచీనమైనవి. జగ్గయ్యపేట దగ్గరి ధనబోడు మీద ఉన్న బౌద్ధ స్తూపం ఇందుకు గుర్తు. జేమ్స్ బర్జెస్ 1880ల ప్రారంభంలో దీనిని పరిశోధించాడు. ఇక్కడ దొరికిన ఆయక స్తంభ శాసనాలు ఇక్ష్వాకు రాజు వీరపురుషదత్తుని ఇరవయ్యవ పాలనా సంవత్సరానికి చెందినవి. స్తంభాలను దానం చేసినవాడు సిద్ధార్థుడనే శిల్పి. కృష్ణానది పరివాహకంలో బౌద్ధ క్షేత్రాలు, వ్యాపార కేంద్రాలు ఒకే దారి వెంట పెరిగాయి. ఆ దారి చివర ఘంటసాల వంటి రేవులు ఉండేవి. ఆ కాలానికి దగ్గరలోని శాతవాహనుల నాణేల మీద రెండు స్తంభాల ఓడ బొమ్మ కనిపిస్తుంది. అమరకోశం చెప్పే కూపకం ఎటువంటిదో చూడదలచినవారికి ఆ నాణెమే బొమ్మ.

కాకతీయుల కాలంలో కృష్ణా, ఖమ్మం మెట్టప్రాంతాలను నతవాడి అనేవారు. నతవాడి పాలకుడు రుద్రుడు గణపతిదేవుని సోదరి మైలాంబను వివాహమాడాడు. ఓరుగల్లుకు, కృష్ణాతీరానికి నడుమ ఉన్న ఈ సీమను బంధుత్వంతో కలుపుకొనడం కాకతీయుల రాజనీతి. మోటుపల్లిలో దిగిన సరుకు ఓరుగల్లు చేరాలంటే కృష్ణ దాటవలసిందే. సరుకును పెరికల్లో నింపి ఎద్దుల మీద వేసి మోయించేవారు. నదిని దాటడానికి పడవలు, పుట్టులు ఉండేవి. నది దాటించినందుకు ఇచ్చే కూలికి అమరకోశంలో ఆతరం, తరపణ్యం అనే పేర్లున్నాయి. తెలుగులో సముద్రపు రేవుకూ, నది దాటే చోటుకూ "రేవు" అనే ఒకే మాట ఉండటం గమనించదగినది.

మార్కో పోలో చెప్పిన వజ్రాల విషయంలో కూడా ఈ ప్రాంతానికి ప్రాధాన్యం ఉన్నది. నందిగామ సమీపంలోని పరిటాల, కృష్ణకు ఆవలి ఒడ్డున ఉన్న కొల్లూరు తరువాతి కాలంలో గోల్కొండ వజ్రాల గనులుగా లోకప్రసిద్ధి పొందాయి. చుట్టూ ఉన్న భూమి ఆంగ్లేయుల పాలనలోకి వచ్చినా, పరిటాల, దాని పరిసరాలలోని కొన్ని వజ్రాల గ్రామాలు నిజాం అధీనంలోనే ఉండిపోయాయి.

కుతుబ్ షాహీల కాలంలో గోల్కొండ నుండి మచిలీపట్నం రేవుకు పోయే బాట ఈ సీమ గుండా సాగింది. హైదరాబాదు, విజయవాడ, మచిలీపట్నాలను కలిపే నేటి జాతీయ రహదారి కూడా జగ్గయ్యపేట, నందిగామల మీదుగానే పోతున్నది. మచిలీపట్నంలో ఆంగ్లేయులు 1611లో వర్తక స్థావరం ఏర్పరచుకున్నారు. తరువాత అబ్దుల్లా కుతుబ్ షా వారికి సుంకాల విషయంలో మినహాయింపులిస్తూ "బంగారు ఫర్మానా" జారీ చేశాడు. ఇక్కడొక భేదం ఉన్నది. మోటుపల్లి అభయం అన్ని దేశాల వర్తకులకు ఒకే రేటు ప్రకటించింది. బంగారు ఫర్మానా ఒక కంపెనీకి మాత్రమే ఇచ్చిన సదుపాయం. సుంకం చెల్లించేవాడు, చెల్లించనివాడు ఒకే అంగడిలో అమ్మితే ఎవరు నిలుస్తారో చెప్పనక్కరలేదు.

పద్దెనిమిదవ శతాబ్ది చివరిభాగంలో వాసిరెడ్డి వేంకటాద్రి నాయుడు బేతవోలు అనే గ్రామాన్ని పట్టణంగా అభివృద్ధి చేసి, తన తండ్రి జగ్గయ్య పేరు మీద జగ్గయ్యపేట అని పేరు పెట్టాడు. "పేట" అంటే అంగళ్ళు ఉన్న చోటు. రేవు దగ్గరి ఊరికి పట్టణం అనే పేరు వచ్చినట్లే, బాట మీది వ్యాపారపు ఊరికి పేట అనే పేరు వచ్చింది.

లోపలి సుంకాలు

రేవులో ఒకసారి సుంకం చెల్లించినంత మాత్రాన వర్తకుని పని తీరేది కాదు. దారి పొడవునా, నది దాటేచోట, ఊరి పొలిమేరలో సుంకపు ఠాణాలు ఉండేవి. సుంకం తప్పించుకోవాలని రాత్రంతా అడ్డదారిన నడిచిన బండివాడు తెల్లవారేసరికి సరిగా సుంకపు పాక ముందే తేలాడట. దీనినే "ఘట్టకుటీ ప్రభాత న్యాయం" అంటారు. ఎంత తప్పించుకుందామనుకున్నా తప్పనిది ఎదురైనప్పుడు ఈ న్యాయాన్ని ఉదాహరిస్తారు. ఘట్టకుటి అంటే సుంకం వసూలు చేసే పాక. ఈ మాట వెనుక ఎందరో బండివాళ్ళ కష్టం ఉన్నది.

కంపెనీ పాలనలో ఈ రకపు లోపలి సుంకాలను "సాయరు" అనేవారు. మద్రాసు రాజధానిలో సరుకు రవాణాపై ఉన్న లోపలి సుంకాలను 1844 నాటి చట్టం రద్దు చేసింది. దీనితో సుంకం అనే మాట రేవులకు, దేశపు సరిహద్దులకు సంబంధించినదిగా మిగిలింది.

ప్రాముఖ్యం

కూపశుల్కం ఒక చిన్న పన్ను. కాని ఆ మాట చుట్టూ ఉన్న వాగ్దానం పెద్దది. అందులో మూడు అంశాలున్నాయి. మొదటిది, పన్ను ఎంతో ముందుగా చెప్పడం. రెండవది, చెప్పినదానిని రేవులో అందరికీ కనిపించే రాతిస్తంభం మీద చెక్కించడం. మూడవది, ఆపదలో ఉన్నవాని నుండి కూడా అంతకు మించి తీసుకొనకపోవడం. ఓడ పగిలిన వర్తకుడు అడిగే స్థితిలో ఉండడు. అతనికి సాక్షులు ఉండరు, భాష తెలియదు, బంధువులు దగ్గర లేరు. అటువంటివాని తరఫున మాట్లాడేది ఆ స్తంభం ఒక్కటే. పన్ను వేసే అధికారానికి హద్దు ఉండాలనే భావానికి తెలుగుదేశంలో నిలిచిన స్పష్టమైన సాక్ష్యాలలో ఇది ఒకటి.

సంబంధిత పదాలు

* శుల్కం: సరుకుపై పన్ను. వికృతి: సుంకం.
* సుంకరి: సుంకం వసూలు చేసేవాడు.
* కూపకం, గుణవృక్షకం: ఓడస్తంభం.
* ఆతరం, తరపణ్యం: ఏరు దాటించినందుకు ఇచ్చే కూలి.
* పట్టణం: ఓడరేవు, తరువాత నగరం.
* పేట: అంగళ్ళు గల ఊరు.
* అపుత్రిక: సంతానం లేనివారి ఆస్తి రాజుకు చెందే పద్ధతి.
* ఘట్టకుటి: సుంకపు పాక.
* సాయరు: లోపలి సరుకు రవాణా మొదలైనవాటిపై సుంకం.

ఇవి కూడా చూడండి

* మోటుపల్లి
* గణపతిదేవుడు
* కాకతీయులు
* హరవిలాసం
* మచిలీపట్నం
* జగ్గయ్యపేట